షో గరగ

పెద్దిరాజు గారు ఫోన్లో చూపించారండి.
స్పెయిన్ అంట. ఎర్ర పరికిణీ ఆవిడ
బల్ల మీద మడమలు చరుస్తా ఆడతంది,
చుట్టూతా జనం అరచేతంత పళ్లేల్లో
తలో ముక్కా నంజుకుంటన్నారు.
"కాళ్లు మనకి లేవా నాగభూషణం,
రొయ్యలు మనకి లేవా?" అన్నారు.
లేకేమండి.

అలా మొదలైంది దిండి రేవులో మా శనివారం షో.
చేపల ట్రేలు బోర్లించి పైన ప్లైవుడ్డు,
దాని మీద గజ్జెలు కట్టుకుని నేను,
కింద డప్పుతో ఏసోబు.
తలకి మూడొందల యాభై.
అరటిదొప్పకి మూడు రొయ్యలు, లెక్కే,
చెంచాడు పనసపొట్టు, రెండు చిట్టిగారెలు,
సగం పూతరేకు.
పులస లేదా అని వారం వారం ఎవరో ఒకరు అడుగుతారు.
ఈ డబ్బుకి పులస ఈదిన నీళ్లు చూపిస్తామండి,
అదిగో, చించినాడ వంతెన కింద.

గరగ కూడా అసలుది కాదు.
అసలుది ఇంట్లో పెట్టెలో, పసుపుగుడ్డలో ఉంటంది,
జాతరకి తప్ప లేవదు.
ఎత్తే ముందు మూడ్రోజులు నేను నీచు ముట్టను.
ఇది స్టీలు బిందె. పైన పాముపడగ అట్టముక్క,
బంగారు రంగు మా చిన్నదాని చేతిపని.
ఖాళీ బిందె నెత్తిన నిలవదండి, అంచేత
సగానికి పంటకాలవ నీళ్లు పోస్తాను.
పూనకం రాకూడదని ముందే షరతు.
నలభై నిమిషాలు, ఆపైన జనరేటరు కట్టేస్తారు.

ఆ శనివారం వచ్చింది కదిరి వైపు పొదుపు సంఘం.
టెంపోలో ఇరవై ఇద్దరాడవాళ్లు, టిక్కెట్లు పదిహేను.
మిగతా ఏడుగురూ ఆకలి లేదని గట్టు మీద కూచున్నారు.
కాసేపటికి దొప్పలే వాళ్ల దాకా నడిచాయి.
మూడు రొయ్యలు అయిదుగురు ఎలా తింటారో
ఆడతానే చూశాను:
ఒక్కోటి రెండుగా తుంచి,
మిగిలిన ఆరో ముక్క డ్రైవరుకి పంపారు.
సంచుల్లోంచి జొన్నరొట్టెలు తీశారు,
చెనిక్కాయల పొడి తీశారు,
మా వంటాయన ఈరెంకయ్యకీ ఓ రొట్టె పెట్టారు.
ఆయనకి ఇన్నేళ్లలో తిన్నావా అన్నోళ్లు లేరు.

ఏసోబు దరువు పెంచాడు.
ట్రేలు కిర్రుమన్నాయి, గోదారి మీద దీపాలు అదిరాయి.
అప్పుడు గట్టు మీంచి ఓ ముసలావిడ లేచింది.
"ఓబులక్కా, కూకో" అంటన్నారు ఎనకనించి.
కూచోలేదు.
చెప్పులిప్పి, ప్లైవుడ్డుని కళ్లకద్దుకుని ఎక్కేసింది.
నా మొహం వంక చూళ్లేదండి,
నా నెత్తి వంక చూసి అడిగింది:
"తల్లీ, మా పక్క వానొస్తాదా?
మూడేండ్లాయ.
చెట్టు చేన్లోనే మాడిపాయ."

ఏసోబు చెయ్యి గాల్లో ఉండిపోయింది.
పెద్దిరాజు గారు దూరాన్నించి వాచీ చూపిస్తన్నారు.
చెప్పాలి కదండీ, ఇది షో గరగమ్మా అని.
నాలిక దాకా వచ్చింది.
ఆవిడ దోసిలి పట్టింది.
గోళ్లలో ఎర్రమట్టి,
ఇంత దూరం టెంపోలో వచ్చినా వదల్లేదు.

బిందె దింపి
వంచాను.

కాలవ నీళ్లండి. పొద్దున్న గేదెల్ని కడిగిన కాలవ.
తాగొద్దమ్మా అనేలోపు తాగేసింది.
వెనక ఇరవై ఒక్కరూ వరస కట్టారు,
టిక్కెట్టున్నోళ్లూ లేనోళ్లూ.
ఒకావిడ సోడాబుడ్డి పట్టి మూత బిగించుకుంది,
చేన్లో పోస్తాదంట.

బిందె ఒట్టిదైంది, ఆట ఆగిపోయింది.
డీజిలు కింద వంద కోసుకున్నారు పెద్దిరాజు గారు.
ఏసోబు డప్పు సంచీలో పెట్టుకుంటా
నా వంక చూడకుండా అన్నాడు:
"మా పాస్టరు గారికి చెప్పకు.
నేనూ దోసిలి పట్టాను."

ఇంటికెళ్లి పెట్టె దగ్గర కాసేపు కూచున్నాను.
మూత తియ్యలేదు.

ఇప్పుడు శనివారం శనివారం
మినరల్ వాటర్ టిన్ను కొంటన్నానండి బిందెలోకి,
ఇరవై రూపాయలు.
పెద్దిరాజు గారికి తెలీదు.