లంద

హన్మకొండ చౌరస్తాల రంగు జిరాక్సు, పేజీకి పది రూపాయలు.
పదిహేడు తీయించిన.
ఉప్పు సముద్రం పక్కన గుహలో
రెండు వేల ఏండ్లు జాడీలో పడుకున్న తోలుచుట్ట ఫొటోలు.
ఎం.ఏ. చరిత్ర, రెండో సంవత్సరం, నా సెమినారు.

హసన్‌పర్తిలో రూబేను తాత
వాకిట్లో గోనె మీద కూర్చొని
ఎవరిదో చెప్పుకు వారు తెగితే కుడుతున్నడు.
కాగితాలు అరుగు మీద పరిచిన.
"ఇవి యూదుల అక్షరాలు తాతా, కుడి నుంచి ఎడమకు"
అని మొదలుపెట్టిన.
తాత అక్షరాల దిక్కు చూడలేదు.
అక్షరాలు కూడా ఆయన దిక్కు ఎన్నడూ చూడలేదు,
బడి కిటికీ బయట నిలబడ్డ ఏడేండ్లప్పటి నుంచి
ఆ లెక్క సమానం.

కంటికి దగ్గరగా ఎత్తి
అంచు చూసిండు, మెడ దగ్గరి ముడత చూసిండు.
"గిది గొర్రె. గిది గూడ గదే గొర్రె.
గీ ముక్క మాత్రం వేరే జీవం బిడ్డా,
ఎంటికల గుంటలు జూడు, ఎడంగున్నయి."
నేను నవ్విన.
తర్వాత లైబ్రరీలో ఒక వ్యాసం చదివితే
నవ్వు ఆగింది:
ఆ ఎడారిలో దొరికిన వేల తునకల్లో
ఏది దేని పక్కదో తెలియక
ఇప్పుడు తోలులోని జన్యువు పరీక్షించి
గొర్రెకు గొర్రెను, ఆవుకు ఆవును కలుపుతున్నరట.

"సున్నం తక్కువ. ఉప్పు ఎక్కువ.
పైపైన చెక్కరసం పూసినట్టుంది,
తంగేడు ఉంటదా ఆడ?"
ఉండదేమో తాతా. ఏదో చెట్టు కాయలంటరు.
"కరక్కాయసొంటిది" అని తనకు తానే తల ఊపుకున్నడు.
తోలుకు తోలు కలిసిన చోట
నారదారం మీద బొటనవేలు ఆగింది.
"చెయ్యి దిరిగినోడే.
ఒక్కకాడ నిద్రొచ్చినట్టుంది."

కథ చెప్పిన.
మేక తప్పిపోయి ఒక పిలగాడు గుట్టెక్కిన సంగతి,
గుహలోకి రాయి విసిరితే కుండ పగిలిన చప్పుడు,
చుట్టలు డేరా గుంజకు వేలాడిన రోజులు,
ఆఖరికి చెప్పులు కుట్టేటాయన దుకాణం చేరుడు,
వారులకు పనికొస్తయేమోనని.
తాత ఆరె పక్కకు పెట్టిండు.
"ఆయన కొయ్యలే గదా?"
కొయ్యలేదు.
"ఎట్ల కోస్తడు! ముట్టుకుంటె తెలుస్తది,
ఇది కాలికిందికి వచ్చిన తోలు గాదని."
కొంచెం ఆగి,
"మేక దొరికిందా మరి?"

పండితుల పేర్లు తెలుసు నాకు, గుహల నంబర్లు తెలుసు,
ఏ ముక్క ఎంతకు అమ్ముడుపోయిందో తెలుసు.
మేక సంగతి ఎక్కడా లేదు.

సెమినారులో ఇవేవీ చెప్పలేదు.
'తోలు సిద్ధం చేసినవారు' అని ఒక్క మాట రాసి
కొట్టేసిన, మా ఇంటి వాసన వచ్చిందని.
మార్కులు బాగనే పడ్డయి.

ఇంటి వెనుక లంద ఉండేది.
మూడు గోళేలు మెడ దాకా భూమిలో.
ఊరు ముక్కు మూసుకొని దూరం జరిపిన జాగ
ఇప్పుడు గజం ఇరవై వేలు.
మొన్న పునాదికి జేసీబీ వచ్చింది.
నాలుగడుగుల లోతున, ఎర్రమన్ను నడుమ,
బెత్తెడు మందం తెల్లటి పొర.
దాని కింద నల్లబడ్డ తంగేడు చెక్క,
ఇంకా వాసన చావలేదు.
డ్రైవర్ ఉమ్మేసి గేరు మార్చిండు.
నేను ఆపమని అరిచి గుంతలోకి దిగిన,
స్కేలు ఆనించి ఫొటో తీసిన, పొరకు నంబరు వేసిన,
అప్పుడు కొట్టేసిన మాట కోసం
పాత నోట్సు ఎక్కడ పెట్టిన్నో గుర్తురాలేదు.

తాతకు ఫోను చూపించిన.
చాలాసేపు చూసిండు, అద్దాన్ని చొక్కాతో తుడిచి మళ్లీ చూసిండు.
"సున్నం ఎడమకు వాలింది జూడు.
మా నాయినది ఎడమ చెయ్యి."