మూడో ఏటి పూత

బత్తాయి మొక్క నాటిన ఎన్నో ఏట కాపుకొస్తుంది?
పేపర్ల తొంభై ఒకటో ప్రశ్న.
ఒకటి, రెండో ఏట. రెండు, మూడో ఏట.
మూడు, ఐదో ఏట. నాలుగు, ఏదీ కాదు.

పరీక్ష హాల్లనే నవ్వొచ్చింది నాకు.
గుర్రంపోడు పక్కన రెండెకరాల తోటకు
ఎండకాలమంత బిందెలతోటి నీళ్లు మోసిన చెయ్యి,
ఆలోచన లేకుంట
మూడో గుండ్రాన్ని నల్లగ నింపింది.

ఫైనల్ కీ రెండు అన్నది.
ఆ ఒక్క మార్కు లేక నేను గీత కింద.
ఆ ఒక్క మార్కుతోటే
పగిళ్ల అలివేలు గీత మీద.

నల్లగొండ లైబ్రరీల ఒకటే బల్ల మాది.
కరెంట్ అఫైర్స్ పుస్తకం ఒక్కటే కొని
నడిమికి చింపి పంచుకున్నం.
జూన్ దాక ఆమెకు, జులై నుంచి నాకు.
మార్చుకుందామనుకుంటనే పరీక్ష వచ్చింది.

వకీలు సారు అన్నడు:
"కమిషన్ ఒక్కదాని మీద వేస్తే నిలవదమ్మా,
సెలెక్టయినోళ్లను గూడ పార్టీ చెయ్యాలె."
టైపు షాపుల కూసోని పేర్లు చదివి వినిపిస్తున్న.
తండ్రి పేరు, వయసు, ఇంటి నంబరు,
అన్నీ కాయితం చూడకుంటనే చెప్పిన.
ఆమె అప్లికేషన్ నింపింది నేనే కద.
ప్రతివాది నంబర్ పదిహేడు.

స్టే వచ్చిన్నాడు గడియారం సెంటర్ల
మా పిటిషనర్లు మైసూర్‌పాక్ పంచిన్రు.
చేతిల పట్టుకొని నిలబడ్డ, కరిగిపోయింది.
రాత్రి అలివేలు ఫోన్ చేసింది.
తిట్టలేదు.
"నోటీసుల మా ఇంటిపేరు తప్పు కొట్టిన్రే సైదా,
పగిల్ల అని పడ్డది. సరి చేయించు."

నౌకరొచ్చిందని బడి మానేసిన మనిషి,
ఇప్పుడు మిర్యాలగూడల బట్టల దుకాణంల బిల్లులు రాస్తున్నది.

ఇగ వాయిదాలు.
నాలుగున్నర బస్సు. ఎల్బీనగర్ల దిగి ఇంకో బస్సు.
ఐటెం నంబర్ అరవై మూడు మాది,
యాభై ఎనిమిదికాడ కోర్టు లేస్తది.
ఒకపారి సర్కారు వకీలు టైం అడిగిండు.
ఒకపారి మా సారే అడిగిండు.
బెంచి మారింది, మల్ల మొదటికెల్లి చెప్పిన్రు.
నిపుణుల కమిటీ రిపోర్టు సీలేసిన కవర్ల వచ్చింది.
బత్తాయి చెట్టుకు అంత రహస్యమేముంటదో!

నడుమ ఒకనాడు పుట్టినరోజు వచ్చిపోయింది.
వయసు పరిమితి దాటినట్టు
ఎవరూ నోటీసు పంపలేదు.

కేసు వేసిన యేడే
మా నాయిన ఎండిన చెట్లు పీకించి కొత్త మొక్కలు పెట్టిండు.
మొన్న వాయిదా నుంచి దిగి
ఇంటికి పోకుంట తోటకే పోయిన.
కొమ్మ కొమ్మకు తెల్లగ పూత.
ఆ వాసనకు నల్ల కోట్లు, ఫైళ్లు, అన్ని మరిచిన,
మరిచి, వేళ్ల మీద లెక్క పెట్టుకున్న.
మూడో యేడు.

"నాయినా, మూడో ఏటనే వచ్చిందేందే?"
"వస్తది బిడ్డా. ఉంచితే చెట్టు కుంగుతది.
ఐదో ఏటి దాక దులిపెయ్యాలె" అని
కొమ్మ పట్టి ఊపిండు.
నా నెత్తి మీద, ఫైలు మీద,
పూలు.

నేను దిద్దింది తోట చెప్పిన మాట.
ఆమె దిద్దింది చెట్టు చెప్పిన మాట.
ఇది ఏ అఫిడవిట్ల, ఎన్నో పేరాల రాయాలె?
వకీలు సారుకు ఫోన్ చేస్తే
"అసలు ఈ సంగతి ఎక్కడ అనకు" అన్నడు.

మంగళవారం మల్ల వాయిదా.
ఈసారి అలివేలు గూడ వస్తున్నదట.
పిటిషనర్లు ఒక దిక్కు, ప్రతివాదులు ఒక దిక్కు
కూసోవాలెనన్న రూలు ఏమన్న ఉందా అని
కోర్టు బంట్రోతును అడిగిన.
లేదంట.