పిలిస్తే రాలే అక్షరం

ఖియోస్ రేవులో, ఓడ టిక్కెట్ల కిటికీ పక్కన గది మాది.
దుకాణాలకు ఇంటర్నెట్‌లో చిరునామాలు ఇప్పిస్తాం.
గ్రీకు అక్షరాల్లో కూడా ఇస్తారని తెలిసిన ఏడాది
మొదట మెట్లెక్కినవాడు ఇసీదొరోస్.
గోళ్ళ సందుల్లో తెల్లమట్టి,
జేబులో కాగితం పొట్లం, అందులో చెట్టు కార్చిన బంక.
"నా పేరు పెట్టు. నా లిపిలో.
లాటిన్‌లో వద్దు, అది నాకు అద్దె కోటు."

టైపు చేశాను.
తెర ఆ పేరు మింగి
ఎక్స్, ఎన్, రెండు అడ్డగీతలు,
వాటి వెనక నోరు తిరగని మూట ఒకటి కక్కింది.
"ఇదేమిటి, దగ్గా?" అన్నాడు.
ఆ దారిలో యంత్రాలకు తెలిసినవి
ఇరవయ్యారు అక్షరాలు, పది అంకెలు, ఒక అడ్డగీత.
మిగతా లోకమంతా మారువేషంలోనే దాటాలి,
అవతలి గట్టున వేషం తీసి
నీ పేరు నీకే చూపిస్తారు, అన్నాను.

చూపించారు.
నుదుటి మీది కళ్ళద్దాలు దించుకున్నాడు.
పేరు వెంట వేలు నడిపించి
చివర ఆగాడు.

మా లిపిలో స ఒకటే, రూపాలు రెండు.
మాట మధ్యలో వస్తే σ:
గుండ్రటి పొట్ట, పక్కవాడి భుజం మీదకి చాచిన చెయ్యి.
మాట చివర వస్తే ς:
చెయ్యి దించి, కాలు కిందికి జార్చి,
ఇక లేస్తానన్నట్టు కూర్చుంటుంది.
ఆయన పేరులో రెండూ ఉన్నాయి.
యంత్రం రెంటినీ ఒకటే అనుకుంది.
చివర కూడా మధ్య స నే నిలబెట్టింది.

"ఈ చెయ్యి ఎవరి భుజం మీద వెయ్యాలి?
నేనింకా పూర్తి కాలేదా?"

నియమం అది, నేను రాసింది కాదు.
పెద్దక్షరాల్లో రెంటికీ ముఖం ఒకటే కదా అని
ఎక్కడో ఒక గదిలో తీర్మానించారు.
ఆ గదిలో మావాడు ఒక్కడైనా ఉన్నాడో,
ఉండీ ఆ నిమిషాన కాఫీకి లేచాడో.

బయట పిరేయస్ ఓడ కూత పెట్టింది.
పొట్లం విప్పి నా అరచేతిలో ఒక చుక్క బంక వేశాడు.
నమిలాను. ముందు చేదు.
"చిరునామా ఎందుకు?" అన్నాడు.
జనం నిన్ను పిలవడానికి, అన్నాను.
"పిలిస్తే ఆ స ఎందుకుంటుంది?"

నిజమే. పుట్టినప్పటినుంచీ వాడుతున్న భాష,
ఎప్పుడూ తోచలేదు.
మనిషి ఏదైనా చేస్తున్నప్పుడే పేరుకి ఆ తోక:
ఇసీదొరోస్ చెట్టుకి గాటు పెట్టాడు.
ఇసీదొరోస్ బాకీ తీర్చలేదు.
కేకేస్తే రాలిపోతుంది:
ఇసీదొరే! ఉలి ఎక్కడ పడేశావ్?

"ఆ కేక రాయి," అన్నాడు.

రాశాను. మధ్య స ఒక్కటే మిగిలింది,
దాని చెయ్యికి భుజం ఉంది.
యంత్రం వంక పెట్టలేదు.
రసీదులో మాత్రం దగ్గే అచ్చయింది.
మడిచి, బంక ఉన్న జేబులోనే పెట్టుకున్నాడు.

అప్పటినుంచీ ఎవరు కొనాలన్నా
ముందు ఆయన్ని పిలవాలి.
స్టుట్‌గార్ట్‌లో వంట చేసే మా ద్వీపపు కుర్రాడు
అర్ధరాత్రి గరిట పక్కన పెట్టి
మీటలు నొక్కుతాడు: ఇసీదొరే.
ఆ కేక ఎన్ని సముద్రాల అడుగున
ఎన్ని దగ్గులు దగ్గి వస్తుందో,
ఇక్కడ గుడ్డ సంచిలో పావుకిలో తూగుతుంది.

కొన్నేళ్ళకి నియమం మారింది.
ς కి కూడా దారి వదిలారు.
అయితే పాత పేరు, కొత్త పేరు ఇక వేరు వేరు ఇళ్ళు,
ఒకదాని తాళం ఇంకోదానికి పట్టదు,
ఆలస్యమైతే ముక్కూ మొహం తెలియనివాడు దిగుతాడు.
వెంటనే ఫోన్ చేశాను.
ఆగస్టు, మిట్టమధ్యాహ్నం. ఆయన భార్య మరూకో ఎత్తింది.

"ఇసీదొరోస్ ఇంట్లో లేడు.
ఇసీదొరోస్ చెట్ల కింద మట్టి చల్లుతున్నాడు."
పళ్ళ సందునుంచి ఆ చివరి స ని
రెండుసార్లూ నిండుగా పలికింది.

"ఏమని చెప్పను?"
ఒక అక్షరం గురించి, అన్నాను.
"దేని గురించి?"
వాళ్ళ కొండ గాలి లైనులో గరగరలాడింది.
మళ్ళీ చేస్తానన్నాను.