ఇరవై సెకన్లు

నలభై మూడు రోజులు
ఆ ఇనుపగదిలో ఓ మూల, ముక్కాలిపీట మీద కూర్చున్నాను.
కింద మాంగనీసు తవ్విన కొండ,
ఈ కొండకీ ఆ కొండకీ నడుమ తీగ,
తీగకి వేలాడుతూ పెచ్చులూడిన నీలం పెట్టె,
పెట్టెలో షిఫ్టుకి పోయే మనుషులు.

అడగకూడదు. జరగమనకూడదు. మళ్ళీ చెయ్యమనకూడదు.
ఇవి నాకు నేను పెట్టుకున్న నియమాలు.
డబ్బిచ్చేవాడు లేని సినిమాకి
నియమాలైనా సొంతవి ఉండాలిగా.
కెమెరా నాది, మైకు ఎరువుది.
చలికి బ్యాటరీలు చచ్చిపోతుంటే
చంకలో పెట్టుకుని పొదిగేదాన్ని.

మీట దగ్గర జుజునా.
యాభై ఎనిమిదేళ్ళు, ఎడమచేతికి వేళ్ళు తెగిన ఉన్ని తొడుగు.
అవతలి గట్టున బోండో గంట కొడతాడు:
రెండు కొడితే ఎక్కారని, ఒకటి కొడితే ఆగమని.
ఇరవయ్యేళ్ళుగా వాళ్ళిద్దరి మాటామంతీ అంతే.
నాక్కావలసిందీ అదే.

ఏం తీశాను?
గనివాళ్ళ చెవుల వెనక మిగిలిపోయిన మసి.
ఒళ్ళో కోడిని పెట్టుకుని, దాని కళ్ళు అరచేత్తో మూసిన ముసలమ్మ.
ఎవరూ ఎక్కని మధ్యాహ్నాలు.
జుజునా పొద్దుతిరుగుడు గింజలు ఒలవడం,
పొట్టు జేబులో వేసుకోవడం.

గదిలో గాలినై ఉన్నాననుకున్నాను.
కళ్ళు మూసుకుని పాలు తాగే పిల్లికి
కెమెరా ఇస్తే, అదీ నేను.

టిబిలిసిలో అద్దెగది. హీటరు లేదు.
తొంభై గంటల ఫుటేజీ.
పదిహేడో రోజు, పొద్దున్న ఏడూ పది.
షాటు మొదట్లో బొమ్మ అలికేసినట్టుంది,
నేనింకా ఫోకస్ తిప్పుకుంటున్నాను.
అవతల రెండు గంటలు మోగాయి.
మీట మీద జుజునా చెయ్యి
కదల్లేదు.
మళ్ళీ రెండు గంటలు, కాస్త విసుగ్గా.
బొమ్మ తేటపడింది.
నా కెమెరా నుదుటి ఎర్రచుక్క మీంచి
ఆమె చూపు మెల్లగా దిగింది.
అప్పుడు లాగింది మీట.

పద్దెనిమిదో రోజు చూశాను. ఆరో రోజు చూశాను.
రెండో రోజు కూడా.

ఇన్నాళ్ళూ ఆ మొదళ్ళన్నీ
గోళ్ళు తీసినట్టు కత్తిరించి పారేస్తూ వచ్చాను.
కాగితం మీద లెక్కేశాను:
ఇరవై సెకన్లు, రోజుకి తొమ్మిది షాట్లు, నలభై మూడు రోజులు.
రెండు గంటలా తొమ్మిది నిమిషాలు
ఒక ఊరు నాకోసం గాలిలో వేలాడింది
కోడితో సహా.
నా సినిమా డెబ్భై నాలుగు నిమిషాలే.

రాత్రి ఫోన్ చేశాను.
"నాకోసం ఆగేదానివి కదూ?"
"గింజలు తింటున్నావా, గొంతు అలా ఉందేం?" అంది.
"జుజునా, మీట..."
వెనకాల గంట, రెండుసార్లు.
"ఉండు, ఎక్కారు" అని
పెట్టేసింది.
ఒక్క సెకను కూడా ఆగలేదు.