పేర్లు పడేటప్పుడు

సినిమా అయిపోయింది, లేవకండి.
పేర్లు పడతాయి ఇప్పుడు.
ఖాజావలి తీసిన ఏడు సినిమాల్లోనూ
నేను ఊపిరి బిగబట్టి చూసేది ఇదొక్కటే.

మొదటి సినిమాకి ఉన్నదున్నట్టు రాశాడు.
కథ ఖాజావలి. మాటలు ఖాజావలి.
కెమెరా, కూర్పు, శబ్దం,
ఆఖరికి మేకప్పు కూడా ఖాజావలే.
మార్కాపురంలో, పలకల ఫ్యాక్టరీ గోడ మీద
ఆ ఒక్క పేరే పైకి పాకుతుంటే
వెనక నుంచి ఎవడో అరిచాడు:
"ఏందిరా, బడి మొత్తానికి ఒక్కడేనా పిల్లోడు?"
అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.
వాడు గమ్ముగా ప్రొజెక్టరు వైరు
మోచేతికీ బొటనవేలికీ మధ్య చుట్టుకున్నాడు,
వాళ్లమ్మ పరుపులు కుట్టే దారం చుట్టినట్టు.

కెమెరా పెళ్లిళ్ల స్టూడియోది.
ముహూర్తాలు లేని రోజుల్లోనే మాకు షూటింగు.
అందుకే మా కథల్లో ఎప్పుడు చూసినా
ఆషాఢం గాలే వీస్తుంటుంది.
డబ్బింగు వాళ్లమ్మ కొట్లో.
చుట్టూ ఎనిమిది పరుపులు నిలబెట్టి
నడిమధ్య మైకు పట్టుకుని కూర్చునేవాడు.
బయటికొస్తే కనురెప్పల మీద దూది,
కళ్లెర్రగా.
ఏడుపు సీను చెప్పొచ్చాడో
తుమ్మి వచ్చాడో తెలిసేది కాదు.

క్లాపు బోర్డు కొనలేదు.
ఇంట్లో చట్రం ఊడిన పాత పలక ఉంది.
బలపంతో రాసి, ఉమ్మితో తుడిచి, మళ్లీ రాసి
నాలుగో సీను, పదకొండో టేకు.
పలక చప్పుడు చెయ్యదు గదా,
పక్కన నిలబడి నేను చప్పట్లు కొట్టేవాణ్ణి.
పద్నాలుగేళ్లుగా అదే నా ఉద్యోగం.

రెండో సినిమాకి పేర్లు మారాయి.
కూర్పు: దూదేకుల బాలసైదులు.
ఛాయాగ్రహణం: పల్లపు కాశయ్య.
శబ్దం: కొమ్ము జక్రయ్య.
"ఇప్పుడు సినిమా లాగుంది,
ఎంతమంది కష్టపడ్డారో" అంది ఊరు.
హైదరాబాదు నుంచి ఎవరో ఫోన్ చేశారు:
జక్రయ్య గారి నంబరిస్తారా,
ఆ నిశ్శబ్దం ఎట్లా పట్టారో అడగాలి.
ఖాజావలి నా వైపు చూశాడు.
"ఆయన క్యాంపులో ఉన్నారండీ."

జక్రయ్య గని దగ్గర మిషను మీద పలక కోసి కోసి
గుండెల నిండా పొడి నింపుకుని
నలభై రెండేళ్లకే పోయాడు.
మా వీధికి తెల్లారిందని చెప్పింది
చాన్నాళ్లు ఆయన దగ్గే.
కాశయ్యకి మందుపాతర పేలి ఒక కన్నే మిగిలింది,
ఆ కంటితోనే ఇంకో పదేళ్లు రాయి ఎంచాడు.
బాలసైదులు ఖాజావలి నాన్న.
ఎన్ని వేల పలకల్ని చట్రాల్లో కూర్చాడో,
ఆయనకి సంతకం రాదు.

సినిమాకి ఆర్నెల్లు పడితే
పేర్లకి రెండు నెలలు.
రాత్రిళ్లు ఫ్లెక్సీ షాపు కంప్యూటరు ముందు
ఎవరి పేరు ఏ పనికి సరిపోద్దో
టైపు చేస్తాడు, తుడిపేస్తాడు.
తన పేరు మాత్రం చిట్టచివర,
చీమలంత అక్షరాల్లో:
సహాయం.

నిన్న ఉండబట్టలేక అడిగాను:
"ఇన్నేళ్లకీ నా పేరు వెయ్యలేదేందిరా?"

"నువ్వింకా ఉన్నావు గదరా" అన్నాడు.

టీ డబ్బులు నేనే ఇచ్చాను.