మొదటి గడి

పదిహేను గడులే వాడుకోవచ్చు.
పదహారోది, నిజానికి మొదటిది,
ఎవ్వరికీ ఇయ్యరు. అది రిజిస్టరు.
ఏ గడిల ఎవరున్నరో
ఎవరి సామాను ఏ గడి దాకా సాగిందో
అంతే రాసుంటది దాంట్ల.

బల్లార్షాల మిల్లు భోంగా కొట్టంగనే
గేడాం కాకా షట్టరు సగం ఎత్తేటోడు.
రెండు టీవీలు, రెండు ఆట డబ్బాలు,
గంటకు పది రూపాయలు,
కార్డు కిరాయి ఇంకో రెండు.
కార్డు లేనోడు
రోజూ మొదటి నుంచి పుట్టాలె.

మా ఓదెలన్నకు సొంత కార్డు ఉండె.
బూడిద రంగుది, అగ్గిపెట్టె కంటే జరంత పెద్దది.
నాయిన బోనస్ పైసలు అమ్మ పప్పు డబ్బాల దాస్తే
అండ్లకెల్లి ఎత్తుకపోయి కొన్నడు.
రాత్రి గూడ లాగు జేబులనే పండేదది.

నేను చూడనీకె పోయేదాన్ని.
ఆడపోరి చేతికి రిమోట్ ఇయ్యొద్దని
ఎవరూ అనలే.
ఇయ్యలే, అంతే.

ఒక్క వానాకాలం అన్నకు టైఫాయిడ్.
తొమ్మిది రోజులు కార్డు నా దగ్గర.
ఆట పేరడిగింది.
మూడు అక్షరాలు, అవీ ఇంగ్లీషువి.
ఇంట్ల తెలుగు, బడిల మరాఠీ,
గల్లీల రెండూ కలిపి తిట్టుకునేటోళ్ళం,
ఆ మూడు డబ్బాలల్ల సమ్మక్క పడుతదా?
సగం పేరును వర్ధా నదిల విడిచి
మిగిలింది రాసిన:
ఎస్, ఎం, కే.

జ్వరం దిగినంక అన్న కార్డు చూసుకున్నడు.
జాగ చాలుతలేదన్నడు.
"ఎవడ్రా ఈ ఎస్సెంకే?"
నేనే అనేలోపు
బటన్ నొక్కనే నొక్కిండు.

ఇరవై ఒక్క ఏండ్లు.
బస్టాండు పక్కన ఇప్పుడు నాది మొబైల్ రిపేర్ దుకాణం.
అన్న బొగ్గుబాయి కాడ డంపర్ నడుపుతడు.
మొన్న గోళ్ళ సందుల నల్లటి దుమ్ముతోటి వచ్చి
ఆ బూడిద కార్డు కౌంటర్ మీద పెట్టిండు.
"పోరడు అడుగుతుండు,
నా ఆటలేమన్న మిగిలినయేమో చూసి
పెన్ డ్రైవ్ ల ఎయ్యి."

మొత్తం కార్డు కంప్యూటర్ల దించితే
పెండ్లి ఫోటోల మూల ముక్కంత కూడ లేదు.
కోట లేదు అండ్ల. అడవి లేదు. రాక్షసుడు లేడు.
అవి డిస్కుల ఉంటయి, అందరికీ ఒక్కతీరు.
కార్డుల దాగేది ఇంతే:
ఎన్ని ప్రాణాలు మిగిలినయి,
ఏ తలుపు తెరిచినవు,
యాడ నిలబడ్డవు.

రిజిస్టరు తెరిచిన.
వరుసకో గుర్తు.
అయిదు-ఒకటి అంటే మనిషున్నడు.
ఏ-ఒకటి అంటే ఖాళీ, ఎవరన్న దిగొచ్చు.
పదకొండో వరుసల ఏ-ఒకటి.
దాని గడి తెరిస్తే
సామాను సామాను తీర్గనే ఉన్నది.
కిరాయిదారు పేరు తలుపు మీద తుడిచిండ్రు గని
పొయ్యి మీది కుండ దించలే ఎవరూ.
ఎస్. ఎం. కే.

జాగ చాలలేదన్నడు గద అన్న,
ఆ జాగల మళ్ళ ఏమీ రాయనేలేదు.

జరసేపు ఛాయ తాగిన.

ఏ-ఒకటి కొట్టేసి అయిదు-ఒకటి పెడితే
ఒప్పుకోలే.
ప్రతి వరుస చివరికి ఒక సాక్షి అంకె ఉంటది,
ముందటి అంకెలన్నిటిని సరిచూసి
తేడా ఉంటే తల అడ్డం ఊపుతది.
సాక్షిని గూడ మార్చిన.
అబద్ధం చెప్పించలే,
పాత మాటనే మళ్ళ చెప్పించిన.

మూలకున్న పాత డబ్బా దుమ్ము దులిపి పెట్టిన.
బావి పక్కన పిల్ల నిలబడ్డది,
నీలం అంగీ, ఒక కాలు ఆగకుంట ఆడిస్తున్నది.
నలభై ఏడు నిమిషాలు. ప్రాణాలు రెండు.
తాళంచెవి ఒకటి,
దేనిదో యాదికస్తలేదు.

అన్న ఫోన్ చేసిండు.
"ఉన్నయా నాయి?"
"ఉన్నయి. పద్నాలుగు."
"పదిహేను గద గడులు?"
"ఇంకోటి వేరేటోళ్ళది."

భోంగా కొట్టింది.
షట్టరు సగం దించి
రిమోట్ చేతులకు తీసుకున్న.