అనుమతి లేకుండా

కన్నం పడిన గోడలు చాలా చూశాను.
రెండు జానల వెడల్పు, మూరెడు ఎత్తు,
మట్టి లోపలికి రాలిందా, బయటికా.
కాశీబుగ్గ స్టేషన్లో రైటర్ని,
ఇరవయ్యారేళ్లుగా కన్నాల్ని కొలిచి రాసినవాణ్ణి.

ఈ కేసులో గోడ లేదు.
జీడిపిక్కల కార్ఖానా ఆఫీసు గదిలో
నేరస్థలం ఎక్కడని అడిగితే
మేనేజరు గారు తెర మీద వేలు పెట్టి చూపించారు.
పంచనామాలో నాలుగు దిక్కులూ రాయాలి కదా,
తూర్పున కిటికీ, పడమట బీరువా,
ఉత్తరాన గోనెసంచులు,
దక్షిణాన వేలిముద్రల హాజరు యంత్రం,
ఎర్రదీపం వెలుగుతూ ఉన్నది.

ముద్దాయి గేదెల దమయంతి, ఇరవైమూడేళ్లు,
కంప్యూటర్ ఆపరేటరు, జీతం తొమ్మిదివేలు.
తనది కాని పాస్‌వర్డుతో లోపలికి వెళ్లింది.
పదకొండు రోజుల పాటు పంతొమ్మిది మంది ఆడవాళ్లకి
రెండొందల తొమ్మిది హాజర్లు వేసింది.

"ఆళ్లు వొచ్చినారు కదండి," అంది.
"పిక్కలు కొట్టినారు. నాను కళ్లారా సూసినాను.
మిసనే ఆళ్లని ఎరగనంది."

ఎరగదు మరి. జీడిసొన తాగిన వేళ్లు.
ఆముదం రాసినా, బూడిద అద్దినా
ముందు తోలు పోతుంది, తర్వాత గీతలు పోతాయి.
సాక్షి తామాడ పైడమ్మని నిశానీ వెయ్యమన్నాను.
బొటనవేలు సిరాలో అద్ది కాయితం మీద నొక్కింది.
నల్లటి మచ్చ పడింది
నున్నగా, చింతపిక్కలా.
కింద 'పైడమ్మ వేలిముద్ర' అని రాశాను.
నేను రాస్తేనే అది ఆమెది.

చట్టం చెడ్డదని అనను.
పోయిన వేసవిలో మందస నుంచి ఒక రిటైరైన మేస్టారు వచ్చాడు.
ఎవడో ఫోన్లో తియ్యగా మాట్లాడి
కంటి ఆపరేషనుకి దాచుకున్నదంతా ఊడ్చుకుపోయాడట.
అప్పుడూ ఇదే అరవై ఆరు.
కలం కాయితంలోకి దిగబడేలా రాశాను.
వాడు ఇప్పటికీ దొరకలేదు.
దమయంతి మాత్రం పిలవగానే వచ్చింది,
టిఫిను డబ్బాతో సహా.

మూడేళ్లు, లేదా అయిదు లక్షలు, లేదా రెండూను.
చెప్పాను.
ఎన్ని నెలల జీతమో లెక్క వేస్తున్నట్టు
పెదాలు కదిపింది, మధ్యలో వదిలేసింది.

"పాస్‌వర్డు ఎలా తెలిసింది?"
"ఆయనే సెప్పినారండి. ఓపాలి జొరమొచ్చి రానేకపోతే
ఫోన్ సేసి, నువ్వే తెరిసి జీతాలెయ్యి అన్నారు.
కూతురి పేరు, పక్కన పుట్టిన ఏడు.
మరింక తెరవొద్దని సెప్పనేదు."

తెరవమన్న నోరు వద్దనకపోతే
ఆ అనుమతి ఎన్నాళ్లు బతికుంటుంది?
పుస్తకంలో వెతికాను. సెక్షనుంది, వివరణుంది,
ఈ ప్రశ్న లేదు.
'మోసపు తలంపుతో' అన్న మాటుంది.
అది రాయకపోతే కేసు నిలవదు.
నీకేటి లాభమని అడిగితే
పైడమ్మ ఓ రోజు నెత్తళ్ల కూర పెట్టిందట.
నెత్తళ్లని ఏ గడిలో రాయను?

హార్డ్ డిస్కుని తెల్లగుడ్డలో మూటకట్టి
లక్క కరిగించి సీలు వేశాం,
అస్థికలు కట్టినట్టు.

రాత్రి తొమ్మిదిన్నర. పలాసలో ఏదో బండి కూత.
ఎస్సై గారు టెక్కలి బందోబస్తులో ఉన్నారు.
ఎఫ్‌ఐఆర్ ఈ రాత్రికే కంప్యూటర్లోకి ఎక్కాలి.
టేబులు అద్దం కింద, పాత కేలెండరు ముక్క మీద
ఆయన పాస్‌వర్డు, నా చేతిరాతలో.
కొట్టాను.
స్వాగతం అంది తెర
నన్ను ఆయన పేరుతో పిలిచి.

'సంబంధిత అధికారి అనుమతి లేకుండా లోనికి ప్రవేశించి'
దాకా వచ్చి ఆగాను.
అక్షరదోషం ఏమైనా ఉందేమోనని
చాలాసేపు చూశాను.